సీసా షావ్ కొనేముందు: చల్లటి సారెల్ సూప్‌కి ఏ సరుకు పనికొస్తుంది, ఏది దండగ

సారెల్ అనే పుల్లటి ఆకుకూరను ఉడికించి, ఫ్రిజ్‌లో బాగా చల్లబరిచి, సోర్ క్రీమ్ (పులియబెట్టిన మీగడ) కలుపుకుని తాగే పుల్లటి సూప్ షావ్. తూర్పు ఐరోపా యూదుల యిడ్డిష్ భాషలో శ్చావ్ అన్న మాట అమెరికా చేరేసరికి షావ్ అయింది. అదే ఆకును పోలండ్‌లో శ్చాఫ్ అంటారు, రష్యన్‌లో శ్చవేల్ అంటారు. ఉక్రెయిన్ వాళ్ల పచ్చ బోర్ష్ట్ అనే సూప్‌కి పులుపు ఇదే. బెలారుస్‌లో ఎండాకాలం చేసుకునే హలాద్నిక్ అనే చల్లటి సూప్‌లో ఒక రకానికీ ఇదే.

న్యూయార్క్ లాంటి చోట ఈ సూప్ కోసం వెతికితే సరుకు నాలుగు రూపాల్లో కనిపిస్తుంది. యూదుల సరుకులుండే అరల్లో, బోర్ష్ట్ సీసాల పక్కన, మూత తీసి తాగేయడానికి సిద్ధంగా ఉన్న షావ్ ఉంటుంది. గ్రీన్‌పాయింట్ పోలిష్ కొట్లలో, బ్రైటన్ బీచ్‌లో రష్యన్ మాట్లాడేవాళ్ల కొట్లలో తరిగిన ఆకును ఉప్పుతో నింపిన చిన్న సీసాలు దొరుకుతాయి. అలాంటి కొట్లలోనే ఫ్రీజర్‌లో గడ్డకట్టిన ఆకూ ఉంటుంది. ఇక వసంతంలో రైతుబజార్లలో తాజా కట్టలు వస్తాయి. ఈ నాలుగింటితో ఒకే సూప్ చేస్తే ఎలా ఉంటుందన్నదే ఈ సమీక్ష.

తీర్పు ముందే చెప్పేస్తే చదవడం తేలిక. తాగడానికి సిద్ధంగా ఉన్న సీసాకు పెట్టే డబ్బులో ఎక్కువ భాగం నీళ్లకే పోతుంది. ఆకు సీసా కొనదగ్గ సరుకు, కానీ దానికి మూడు లోపాలున్నాయి, మూడింటినీ ఇంట్లో సరిచేయొచ్చు. ఫ్రీజర్ ఆకు దానికన్నా ఒక మెట్టు పైన. తాజా ఆకు దొరికే వారాల్లో మిగతా మూడింటినీ ముట్టుకోనక్కర్లేదు.

కొనేటప్పుడు మొదటి పొరపాటు పేరు దగ్గరే జరుగుతుంది. కరీబియన్ సరుకుల కొట్లో సారెల్ అని రాసి ఉన్న ఎర్రటి పానీయం, ఎండు పూరేకుల్లాంటివి పూర్తిగా వేరే మొక్కవి. అవి మన గోంగూర జాతి మందార కాయల మీది ఎర్రటి రక్షకపత్రాలు, వాటితో షావ్ రాదు. షావ్‌కి కావలసింది రూమెక్స్ అసిటోసా, అంటే చుక్కకూరకు దగ్గరి చుట్టమైన, ఏటేటా అదే వేరు నుంచి చిగురించే ఆకుకూర. పొడుగ్గా, ఈటె మొనలా ఉండే ఆకు, కాడ దగ్గర రెండు పక్కలా వెనక్కి తిరిగిన చిన్న చెవులు, ఇవి గుర్తులు. డాలు ఆకారంలో చిన్న ఆకులుండే రూమెక్స్ స్కుటాటస్‌ను ఫ్రెంచ్ సారెల్ అంటారు. దాని పులుపులో నిమ్మ వాసన తగులుతుంది. అది దొరికితే అదృష్టమే, కానీ ఆకు చిన్నది కాబట్టి ఏరడానికి రెట్టింపు సమయం పడుతుంది. ఎర్రటి ఈనెలతో అందంగా కనిపించే రకం నర్సరీల్లో బాగా అమ్ముడుపోతుంది. దాన్ని సూప్ కోసం కొనకండి. దానిలో పులుపు తక్కువ, ముదిరితే నార, ఉడికితే రంగు బురద.

ఇప్పుడు సిద్ధంగా ఉన్న సీసా సంగతి. అమెరికాలో లేబుల్ మీద దినుసులు బరువు ప్రకారం ఎక్కువ నుంచి తక్కువకు రాయాలి. ఈ సీసాల మీద మొదటి మాట నీళ్లే అయి ఉంటుంది. అది తప్పేమీ కాదు, సూప్ కదా. చూడాల్సింది ఆకు తర్వాత ఏముందన్నది. సిట్రిక్ యాసిడ్ ఉందంటే పులుపులో కొంత ఆకుది కాదని అర్థం. ఈ తేడా నాలుకకు వెంటనే తెలుస్తుంది. ఆకు పులుపు నెమ్మదిగా ఎక్కి చివర్లో కాస్త వగరు వదిలిపోతుంది. సిట్రిక్ పులుపు మొదటి గుక్కలోనే సూదిలా గుచ్చి, వెంటనే మాయమవుతుంది. సీసాను వెలుతురులో పట్టుకుని చూస్తే అడుగున ఆకు తునకలు ఎంత ఎత్తున పేరుకున్నాయో కనిపిస్తుంది. రెండు వేళ్ల మందం కూడా లేకపోతే దాన్ని పులుపు నీళ్లనే అనాలి. కొందరు గుడ్డు కలిపి చిక్కదనం తెస్తారు, అలాంటిది కాస్త మేలు.

నేరుగా తాగితే ఈ సీసా నిరాశపరుస్తుంది. ఉప్పు ముందుకొస్తుంది, నోట్లో నిలిచే చిక్కదనం ఉండదు, సువాసన దాదాపు లేదు. అయినా దీన్ని పారేయాల్సిన పని లేదు, నీళ్లకు బదులు వాడితే అక్కరకొస్తుంది. ఒక లీటరు సీసాను జల్లెడలో వడకట్టి ఆకును పక్కన పెట్టండి. మూడో వంతు ద్రవంలో 150 గ్రాముల బంగాళాదుంప ముక్కలు మెత్తగా ఉడికించండి. పుల్లటి ద్రవంలో దుంప తొందరగా మెత్తబడదు, మామూలు కన్నా పది నిమిషాలు ఎక్కువ పడుతుంది. తొందరుంటే దుంపను విడిగా మంచినీళ్లలో ఉడికించి కలపండి. దాన్ని మెత్తగా బ్లెండ్ చేసి, మిగతా చల్లటి ద్రవంలో కలిపి, ఆకును తిరిగి వేసి, ఒక చెంచా పంచదార, 150 మిల్లీలీటర్ల సోర్ క్రీమ్ చేర్చండి. ఉప్పు అస్సలు వేయొద్దు. ఇలా చేశాక సూప్ అనదగ్గ పదార్థం వస్తుంది. కానీ ఇంత పని చేసేవాళ్లు మొదటే ఆకు సీసా కొనుక్కుంటే ఫలితం ఇంకా బాగుంటుంది.

ఆకు సీసా దగ్గర కాస్త నిలబడి లేబుల్ చదవాలి. పోలండ్ నుంచి వచ్చేవాటికి ఒక సౌకర్యం ఉంది. ఐరోపా యూనియన్ నిబంధన ప్రకారం సరుకు పేరులో ఏ దినుసు ఉందో అది ఎంత శాతమో లేబుల్ మీద ముద్రించాలి. కాబట్టి సీసాలో నిజంగా ఆకు ఎంతో తెలిసిపోతుంది. 90 శాతం పైన ఉన్నది తీసుకోండి. దినుసుల్లో ఆకు, ఉప్పు, బహుశా కొద్దిగా నీళ్లు, అంతకుమించి ఉండకూడదు. వెనిగర్ లేదా ఎసిటిక్ యాసిడ్ కనిపిస్తే వదిలేయండి. వేడి సూప్‌లో ఆ వాసన ఆవిరితో కొంత పోతుంది, చల్లటి దాంట్లో మూత తీయగానే ముక్కుకు తగులుతుంది. ఎంత పంచదార వేసినా అది దాగదు.

తరిగిన ఆకు, గుజ్జు అని రెండు రకాలుంటాయి. తరిగినదే తీసుకోవాలి. గుజ్జులో ముదురు కాడలు కూడా నలిగిపోయి ఉంటాయి. అవి కంటికి కనపడవు, నాలుకకు మాత్రం పిప్పిలా తగులుతాయి. సీసా మూత మధ్య భాగం లోపలికి నొక్కుకుని ఉండాలి. ఉబ్బినా, వేలితో నొక్కితే టిక్కుమన్నా కొనొద్దు. లోపలి ఆకు ముదురు ఆలివ్ రంగులో ఉంటే అది పాడైనట్టు కాదు, ఉడికిన సారెల్ ఎప్పుడూ అలాగే ఉంటుంది.

300 గ్రాముల సీసాతో నలుగురికి సరిపడా సూప్ ఇలా వస్తుంది. ఒక లీటరు నీళ్లలో 200 గ్రాముల బంగాళాదుంప, ఒక చిన్న ఉల్లిపాయ వేసి దుంప చిదిమితే చితికేదాకా ఉడికించాలి. సీసాలోని ఆకును నీటితో సహా అప్పుడే వేయాలి, ముందు వేస్తే ఆ పులుపుకు దుంప గట్టిగానే ఉండిపోతుంది. ఆకు ముందే ఉడికి ఉంది కాబట్టి మూడు నిమిషాలు చాలు. ఇంకా మరిగిస్తే మిగిలిన కొద్దిపాటి వాసన కూడా పోతుంది. ఒక చెంచా పంచదార ఇప్పుడు వేయొచ్చు, ఉప్పు మాత్రం వద్దు. సీసా ఉప్పు ఎంతో చల్లారాకే తెలుస్తుంది.

ఇంతకుముందు చెప్పిన మూడు లోపాలు ఇక్కడ బయటపడతాయి. వాసన లేదు, రంగు లేదు, సూప్‌లో పస లేదు. పస దుంపతో, గుడ్డుతో వస్తుంది, గుడ్డు విధానం తాజా ఆకు దగ్గర చెబుతాం. వాసన కోసం సూప్ పూర్తిగా చల్లారాక సన్నగా తరిగిన ఉల్లికాడలు నాలుగు, గుప్పెడు సోయికూర (డిల్), అర నిమ్మకాయ పైతొక్క తురుము కలపాలి. తొక్క కింది తెల్లభాగం పడితే చేదు. రంగు కోసం 50 గ్రాముల పచ్చి పాలకూరను 100 మిల్లీలీటర్ల చన్నీళ్లతో బ్లెండ్ చేసి, వడకట్టి, వడ్డించే రోజే కలపాలి. ముందు రోజు కలిపితే తెల్లారేసరికి అదీ ఆలివ్ రంగులోకి దిగిపోతుంది. ఈ మూడు సవరణలూ చేసిన సీసా సూప్‌కీ తాజా ఆకు సూప్‌కీ దూరం చాలా తగ్గుతుంది. తెలిసిన నాలుక తేడా పడుతుంది, అతిథి పట్టలేకపోవచ్చు.

ఫ్రీజర్ ఆకు గురించి చెప్పాల్సింది తక్కువ. ఇందులో ఉప్పు ఉండదు, అదే దీని పెద్ద సుగుణం. వాసన కూడా సీసా కన్నా బాగా నిలుస్తుంది. కరగనివ్వకుండా గడ్డగానే మరిగే నీళ్లలో వేయాలి. గిన్నెలో కరగబెడితే పచ్చని నీరు దిగుతుంది, పులుపులో చాలా వాటా ఆ నీటిలోనే ఉంటుంది, దాన్ని పారబోస్తే ఆకు పేలవంగా మిగులుతుంది. తాజా ఆకు ఎక్కువగా దొరికినప్పుడు ఇంట్లో దాచుకోవడానికీ ఇదే సూత్రం. నీళ్లలో ఉడికించి వంపేయకుండా, కడిగిన తడితోనే మూకుడులో ఒకటి రెండు నిమిషాలు మగ్గించి, చల్లార్చి, సంచుల్లో పలచగా పరిచి గడ్డకట్టించాలి.

ఇక తాజా ఆకు. చలిదేశాల్లో ఏప్రిల్ చివర నుంచి జూన్ దాకా వచ్చే ఆకు మేలైనది. యూదుల షావువోత్ పండుగ మే, జూన్ నెలల్లో పడుతుంది. ఆ రోజు పాలు, వెన్న, జున్నుతో చేసిన వంటలు తినే ఆనవాయితీ ఉంది కాబట్టి సోర్ క్రీమ్ వేసిన షావ్‌కి కాలమూ పండుగా కలిసొస్తాయి. మొక్క పూత కాడ వేసిందంటే ఆకు ముదిరి, చేదు మొదలవుతుంది. తోటలో పెంచేవాళ్లు ఆ కాడను కనపడగానే మొదలంటా కోసేస్తే లేత ఆకు మళ్లీ వస్తుంది. కొనేవాళ్లు అరచేయి పొడవు దాటని, వంచితే పుటుక్కున విరిగే ఆకును ఎంచుకోవాలి. ఇది పెళుసైన సరుకు, ఫ్రిజ్‌లో తడిగుడ్డలో చుట్టినా రెండు రోజుల్లో వాడేయాలి.

ఆరుగురికి 500 గ్రాముల ఆకు, ఒకటిన్నర లీటర్ల నీళ్లు, ఆరు ఉల్లికాడలు, రెండు గుడ్లు, ఒక పెద్ద చెంచా పంచదార, రెండు చిన్న చెంచాల ఉప్పు, 200 మిల్లీలీటర్ల సోర్ క్రీమ్ కావాలి. దుంప ఇక్కడ తప్పనిసరి కాదు. కాడలూ ఈనెలూ తీసేశాక ఆకు సుమారు 400 గ్రాములు మిగులుతుంది. ఆకును ఈనె వెంట మడిచి, కాడను పట్టుకుని వెనక్కి లాగితే ఈనె నారతో సహా ఊడి వస్తుంది. వేలెడు లేత ఆకులకు ఈ శ్రమ అక్కర్లేదు. వేళ్ల దగ్గర కోసిన ఆకుకు ఇసుక ఎక్కువ, కాబట్టి పెద్ద గిన్నెలో ముంచి ఆకునే పైకి తీయాలి, గిన్నెను వంపకూడదు. మూడుసార్లు, లేదా అడుగున ఇసుక కనపడనంత వరకు.

తీసేసిన కాడల్లో పులుపు బోలెడు. వాటిని ఒకటిన్నర లీటర్ల నీళ్లలో 15 నిమిషాలు మరిగించి వడకట్టి, ఆ నీటినే సూప్‌కి వాడాలి. చాలా వంటల పద్ధతుల్లో ఈ మెట్టు వదిలేస్తారు, తర్వాత సూప్ పలచగా ఉందని నిమ్మకాయ పిండుతారు.

మరిగే కాడల నీటిలో తరిగిన ఆకు వేయగానే కళ్లముందే రంగు మారుతుంది. నిమిషం తిరక్కుండానే నిగనిగలాడే ఆకుపచ్చ కాస్తా ఖాకీ అవుతుంది. మొదటిసారి చేసేవాళ్లు ఇక్కడే భయపడి పొయ్యి ఆపేస్తారు. ఆకులోని ఆమ్లం, వేడి కలిసి పత్రహరితంలోని మెగ్నీషియాన్ని బయటికి తోసేస్తాయి, అందుకే ఆ రంగు. ముందు వేణ్నీళ్లలో ముంచి మంచునీళ్లలో వేసే ఉపాయం పాలకూరకు పనిచేస్తుంది, దీనికి పనిచేయదు, ఎందుకంటే ఆమ్లం ఆకులోనే ఉంది. చిటికెడు వంటసోడా వేస్తే పచ్చదనం నిలుస్తుంది, నిజమే. కానీ సోడా ఆ ఆమ్లాన్నే చంపుతుంది, దాంతో పులుపూ పోయి సబ్బు రుచి వస్తుంది. పచ్చదనం కావాలంటే 400 గ్రాముల్లో ఓ 60 గ్రాముల ఆకును పచ్చిగా పక్కన పెట్టుకుని, వడ్డించే ముందు కొద్దిగా చల్లటి సూప్‌తో బ్లెండ్ చేసి కలపడమే సరైన దారి. పచ్చి ఆకు వాసన కూడా దాంతోపాటు వస్తుంది. అంతకన్నా ఎక్కువ పచ్చి ఆకు వేస్తే పసరు వాసన కొడుతుంది.

ఐదు నుంచి ఎనిమిది నిమిషాల్లో ఆకు దానంతటదే జావలా విడిపోతుంది. దీన్ని బ్లెండర్‌లో వేయాలా వద్దా అన్నది ఇష్టం. సన్నటి పోగుల్లా తరిగి అలాగే వదిలేస్తే చెంచాకు ఆకు తగులుతూ బాగుంటుంది. బ్లెండ్ చేస్తే చిక్కగా నునుపుగా వస్తుంది, కానీ ఈనెలు సరిగా తీయకపోతే బ్లేడుకు నార చుట్టుకుంటుంది. అప్పుడు జల్లెడ పట్టక తప్పదు. మా మొగ్గు తరిగిన ఆకు వైపే, నునుపు సూప్ చల్లగా ఉన్నప్పుడు రెండో గిన్నెకు విసుగొస్తుంది.

అన్నిటికన్నా ఎక్కువ పాడయ్యేది గుడ్డు దగ్గర. పొయ్యి ఆపి, సూప్‌ను ఐదారు నిమిషాలు వదిలేయాలి. రెండు గుడ్లను గిన్నెలో నురగ రానంతగా గిలక్కొట్టి, గరిటెడు వేడి సూప్‌ను సన్నటి ధారగా పోస్తూ ఆపకుండా కలపాలి. ఇలా మూడు నాలుగు గరిటెలు పోశాక గుడ్డు మిశ్రమం వెచ్చబడుతుంది. అప్పుడు దాన్ని మొత్తం సూప్‌లోకి ధారగా వంచి, సన్న సెగ మీద కలుపుతూ ఉంచాలి. థర్మామీటర్ ఉంటే 72 నుంచి 78 డిగ్రీల సెల్సియస్ మధ్య ఆపేయండి. గుడ్డు కలిపిన వంటకు 71 డిగ్రీలు సురక్షితమన్నది అమెరికా వ్యవసాయ శాఖ సూచన. 80 దాటితే తెల్లటి పీచులు తేలతాయి. పుల్లటి ద్రవంలో గుడ్డు ఇంకా తొందరగా గట్టిపడుతుంది కాబట్టి మరగనివ్వడం అనే మాటే లేదు. థర్మామీటర్ లేనివాళ్లు గరిటె వెనక సూప్ పలచటి పొరగా నిలిచి, వేలితో గీస్తే గీత చెరగకుండా ఉన్నప్పుడు దించేయాలి. పీచులు తేలిందంటే జల్లెడ పట్టి వాడుకోవచ్చు, రుచి చెడదు, చిక్కదనం మాత్రం పోతుంది. ఫ్రెంచ్ వాళ్లు పొటాజ్ జెర్మినీ పేరుతో ఇదే ఆకుకు గుడ్డు పచ్చసొనలు, క్రీమ్ దండిగా పోసి చేస్తారు. షావ్‌కి అంత బరువు అక్కర్లేదు, రెండు గుడ్లు చాలు.

దించిన గిన్నెను వేడిగా ఫ్రిజ్‌లో తోయకూడదు. సింకులో మంచునీళ్లు నింపి అందులో గిన్నె పెట్టి కలుపుతూ ఉంటే అరగంటలో చల్లారుతుంది. అమెరికా హోటళ్లు పాటించే నిబంధన ప్రకారం 57 డిగ్రీల నుంచి 21కి రెండు గంటల్లో, అక్కడి నుంచి 5కి మరో నాలుగు గంటల్లో దిగాలి. గుడ్డు ఉన్న సూప్‌కి ఇంట్లోనూ అదే కొలత పెట్టుకోవడం మంచిది. తర్వాత ఫ్రిజ్‌లో కనీసం ఆరు గంటలు. రాత్రంతా ఉంటే రుచులు ఇంకా కలిసిపోతాయి.

ఉప్పు, తీపి సరిచూసేది అప్పుడే. వేడిగా ఉన్నప్పుడు సరిగ్గా ఉన్న తీపి చల్లబడ్డాక తగ్గినట్టు తోస్తుంది, పులుపు మాత్రం అంతగా తగ్గదు. అందుకే వేడిలో చక్కగా కుదిరిందనుకున్న సూప్ మర్నాడు పళ్లు జివ్వుమనిపిస్తుంది. సోర్ క్రీమ్ కలిపాక ఇంకోసారి చూడాలి. పాలపదార్థంలోని కాల్షియం ఆకులోని ఆక్సాలిక్ ఆమ్లాన్ని పట్టుకుంటుంది, పులుపు మెత్తబడుతుంది. పళ్ల మీద సుద్ద రాసినట్టు అనిపించేది కూడా ఆ ఆక్సలేట్ వల్లే. ఈ వరస తప్పి, ముందే పంచదార పోసి తర్వాత క్రీమ్ వేస్తే సూప్ తియ్యగా చప్పగా తేలుతుంది. దానికి మందు నిమ్మరసం, చెంచా చెంచాగా.

సోర్ క్రీమ్ ఎప్పుడూ చల్లటి సూప్‌లోనే. వేడి పుల్లటి ద్రవంలో పడితే విరిగిపోతుంది, కొవ్వు తక్కువ రకం ఇంకా తొందరగా విరుగుతుంది. అమెరికాలో సోర్ క్రీమ్ అనిపించుకోవాలంటే పాలకొవ్వు 18 శాతానికి తగ్గకూడదు, ఆ మామూలు రకమే వాడండి. రష్యన్ కొట్లలో స్మెతాన పేరుతో దొరికే దాని మీద కొవ్వు శాతం రాసి ఉంటుంది, 20 అయితే సరిగ్గా సరిపోతుంది. క్రీమ్‌ను నేరుగా వేస్తే ఉండలు తేలతాయి. చిన్న గిన్నెలో గరిటెడు సూప్‌తో చిలికి, తర్వాత మొత్తంలో కలపాలి. ఎవరి గిన్నెలో వాళ్లకు ఒక చెంచా వేసిచ్చినా బాగుంటుంది, అలాగైతే మిగిలిన సూప్ ఒక రోజు ఎక్కువ నిలుస్తుంది.

యూదుల ఆహార నియమాలు పాటించే ఇంటికి చేస్తున్నట్టయితే మాంసం లేదా కోడి రసంతో దీన్ని మొదలుపెట్టకూడదు, అప్పుడు పైన క్రీమ్ వేయడం కుదరదు. నీళ్లు లేదా కూరగాయల రసమే వాడాలి. కొన్న సీసా మీద పార్వె అని ఉంటే అందులో పాలూ మాంసమూ లేవని అర్థం. గుడ్డు ఉన్నా పార్వెనే.

గిన్నె విషయంలో రాజీ వద్దు. అల్యూమినియం, పోత ఇనుము రెండూ ఈ ఆమ్లంతో చర్య జరుపుతాయి. సూప్‌కి లోహపు రుచి, నల్లటి ఛాయ వస్తాయి, పాత్ర పూతను ఆమ్లం తినేస్తుంది. స్టీలు, ఎనామెల్ గిన్నెలు సరిపోతాయి. నిల్వకు గాజు. కత్తి కూడా స్టెయిన్‌లెస్‌ది వాడాలి, కార్బన్ స్టీలు కత్తితో తరిగితే ఆకు కోసిన అంచులు నల్లబడతాయి.

పక్కన ఏం పెట్టాలన్నదానికి పాత పద్ధతిని మించింది లేదు. పొగలు కక్కే ఉడికించిన బంగాళాదుంప విడిగా ఒక పళ్లెంలో, మంచులా చల్లటి సూప్ గిన్నెలో. ఒక ముక్క వేడి, ఒక గుక్క చల్లన. సూప్‌లోకి గట్టిగా ఉడికించిన గుడ్డు, సన్నగా తరిగిన కీరా, ముల్లంగి, సోయికూర. కీరా ముక్కలకు ముందే ఉప్పు పట్టించి, పది నిమిషాల తర్వాత పిండి వేయకపోతే గిన్నెలోనే నీరు వదిలి సూప్‌ను పలచన చేస్తాయి. వేసవిలో ఇంకా చల్లగా కావాలని మంచుముక్కలు వేసినా అదే గతి. దానికి బదులు క్రీమ్ కలపని సూప్‌నే కొంత మంచుట్రేలో గడ్డకట్టించి ఆ ముక్కలు వేసుకోవాలి.

ఒక జాగ్రత్త పెద్ద అక్షరాల్లో చెప్పాల్సింది ఉంది. ఆకుకూర ఉడికించి నీళ్లు వంపేస్తే ఆక్సలేట్ కొంత పోతుంది. షావ్‌లో ఆ నీళ్లే సూప్, కాడల నీళ్లతో సహా. కాబట్టి మూత్రపిండాల్లో రాళ్లు వచ్చినవాళ్లు, ఆక్సలేట్ తగ్గించమని వైద్యులు చెప్పినవాళ్లు దీన్ని తాగకూడదు. సీసా రకాలకూ ఇది వర్తిస్తుంది. మిగతావాళ్లు కూడా రోజూ లీటర్లకొద్దీ తాగే సరుకు కాదిది, ఒక గిన్నె చాలు.

గుడ్డు కలిపిన సూప్ ఫ్రిజ్‌లో మూడు రోజులు, గుడ్డూ క్రీమూ లేనిది నాలుగు రోజులు బాగుంటుంది. మూత తీసిన ఆకు సీసాను కూడా మూడు నాలుగు రోజుల్లో ముగించాలి. సగమే వాడితే మిగతాది చిన్న డబ్బాలో గడ్డకట్టించండి, ఆమ్లెట్‌లోకీ చేప మీద సాస్‌లోకీ రెండు చెంచాలు తీసుకోవడానికి పనికొస్తుంది. క్రీమ్ కలిపేసిన సూప్‌ను మాత్రం ఫ్రీజర్‌లో పెట్టకండి, కరిగాక నీరు ఒకవైపు, తరకలు ఒకవైపు తేలతాయి.